యల్లా అనేవారు లేని కుర్చీ

కువైట్‌లో ఇంటి డ్రైవరు పనిలో బండి నడపడం పావలా వంతు. మిగతా ముప్పావలా కాచుకుని కూర్చోవడం. నాగేంద్రప్రసాద్ ఏళ్ల తరబడి బడి ముందు, దుకాణం ముందు, పెళ్లి హాలు ముందు బండిలో కూర్చుని, లోపలి నుంచి ఎవరో వచ్చి ‘యల్లా, పద’ అంటే కదిలేవాడు. కూర్చుని తింటే కొండలైనా కరుగుతాయంటారు. ఇతను మాత్రం కూర్చునే ఊళ్లో మిద్దె కట్టాడు.

అలాంటివాణ్ని పట్టుకుని ఒకరోజు కళాకారుడన్నారు. అక్కడ మొదలైంది ఈ గొడవంతా.

జహ్రాలోని అతని యజమాని కూతురు దానా, అహ్లుల్ వఖ్త్ అనే గుంపులో చేరింది. కాలం మనుషులు అని అర్థం. శిల్పికి రాయి ఎలాగో తమకు కాలం అలాగని వాళ్ల సిద్ధాంతం. ఎవరి కాలాన్ని వాళ్లు చేతిలోకి తీసుకుని ఒక రూపానికి తేవడమే అసలైన కళ, తక్కినవన్నీ బజారు సరుకు. వాళ్లలో ఒకాయన ఒక్క గ్లాసు టీని పొద్దున మొదలుపెట్టి పొద్దుగూకే దాకా తాగితే, చూసినవాళ్లు కళ్లు తుడుచుకున్నారట. డ్రైవర్లు ఆ గుంపుకు టైంపాస్ జమాత్ అని పేరు పెట్టారు. అందరికంటే గట్టిగా నవ్వింది నాగేంద్రప్రసాదే.

ఆ శుక్రవారం హవల్లీలో ఒక హాలు అద్దెకు తీసుకుని వాళ్లు ప్రదర్శన పెట్టారు. దానాను అక్కడ దించి, ఆమె పని ముగిసేలోపు విమానాశ్రయానికి పోయి వస్తానని నాగేంద్రప్రసాద్ ముందే అడిగాడు. ఆమె సరేనంది. అతను అడిగింది సిద్ధమ్మ కోసం. సిద్ధమ్మది రాయచోటి వైపు, అతని పక్క ఊరు. ఆ హాలున్న వీధిలోనే ఒక ఫ్లాట్‌లో పనిచేస్తుంది. ఆమె కూతురు రమణికి అహ్మదిలో ఇంకో ఇంట్లో పని. ఒకే దేశంలో ఉండి కూడా తల్లీకూతుళ్లు రెండేళ్లుగా ఫోన్‌లోనే ముఖాలు చూసుకుంటున్నారు. ఒకరికి సెలవు దొరికిన రోజు ఇంకొకరికి దొరకలేదు. ఇప్పుడు రమణి ఇఖామా, అంటే అక్కడ ఉండే అనుమతి, రద్దు చేయించుకుని ఇంటికి పోతోంది. తల్లికి ఇంకా గడువుంది. సిద్ధమ్మ ఇంటి యజమానురాలు, ఆమె పిలుపులో మామా, ఆ ఒక్క సాయంత్రానికి ఒప్పుకుంది. అదీ టాక్సీ వద్దు, తెలిసిన నాగేంద్ర బండిలో అయితేనే పంపుతానంది.

“పొద్దుగూకి మగ్రిబ్ అజా వినపడతానే కిందికొచ్చి నిలబడక్కా. నేనొచ్చి ఎక్కించుకుంటా,” అని మాటిచ్చాడు.

హాలు దగ్గర ఒక చిక్కు వచ్చింది. నడుమ వేసిన కుర్చీలో కూర్చోవలసిన మనిషి రాలేదు. దానా బండి దగ్గరికి పరుగెత్తుకొచ్చింది.

“నాగేంద్ర, నువ్వు కూర్చో. నీకు ఎప్పుడు లేవాలనిపిస్తే అప్పుడు లేచి వెళ్లిపో. నువ్వు లేచినప్పుడే అది పూర్తయినట్లు. నిన్నెవరూ ఏమీ అనరు.” అరబ్బీలో నింపాదిగా, విడమరిచి చెప్పింది.

గుమ్మం దగ్గర బుట్టలో వాచీలు, ఫోన్లు పెట్టి లోపలికి పోవాలి. అతనూ పెట్టాడు. కూర్చున్న కాసేపు సిగ్గుతో ఒళ్లు ముడుచుకుపోయింది. పగిలిన మడమలు కనపడకుండా కాళ్లు కుర్చీ కిందికి లాక్కున్నాడు. పెద్దింటి ఆడవాళ్లు, మగవాళ్లు వచ్చి నేల మీద కూర్చుని అతని వైపే చూడసాగారు. ఎవరూ నవ్వలేదు. ఒకామె పక్కనామెతో, ఎంత నెమ్మది చూడు ఆ ముఖంలో, అంది. ఇన్నేళ్లు బండిలో కూర్చుంటే ఖాళీ బండిని చూసినట్లు చూసి పోయినవాళ్లే అందరూ. నాగేంద్రప్రసాద్ కాళ్లు మెల్లగా ముందుకు చాపుకున్నాడు.

మగ్రిబ్ అజా వినిపించింది. లేవాలి. లేవమని దానా చెప్పనే చెప్పింది. కానీ యజమానులు చాలా చెబుతారు. కడుపునిండా తినమంటారు, నిజంగా తింటే ముఖం మాడ్చుకుంటారు. ఎవరైనా వచ్చి యల్లా అంటే లేద్దామనుకున్నాడు. ఎవరూ అనలేదు.

అంతవరకైతే భయమని సరిపెట్టుకోవచ్చు. ఆ తర్వాతది భయం కాదు. ముందు వరసలో ఒక ముసలాయన రెండు చేతులూ గుండెకు ఆనించుకుని తనవైపే చూస్తున్నాడు. ఇంకాసేపు, అనుకున్నాడు నాగేంద్రప్రసాద్. కింద వీధిలో సిద్ధమ్మ నిలబడి ఉందని అతనికి తెలుసు. తెలిసే అనుకున్నాడు. రాత్రి నమాజుకు ఇషా అజా కూడా వినిపించింది. హాలు మూసే వేళకు దానా వచ్చి భుజం తడితే లేచాడు. అందరూ చప్పట్లు కొట్టారు.

బుట్టలోంచి ఫోన్ తీస్తే తెర నిండా సిద్ధమ్మ పేరే. పరుగున పోయాడు. ఆమె ఫ్లాట్ కింద, సెల్‌ఫోన్ల దుకాణం పక్కన, ఇస్త్రీ మడతలు కూడా చెదరని చీరలో నిలబడి ఉంది.

“వాళ్లు లేయనీలేదక్కా,” అన్నాడు రొప్పుతూ. “మధ్యలో లేస్తే పనిలోంచి తీసేస్తామన్న్యారు.”

నోటికి అబద్ధం అంత సులువుగా ఎలా వచ్చిందో అతనికే తెలియలేదు.

“రమణి ఎయిర్‌పోర్టు లోపలికి పోయిందిలే నాయనా. ఫోన్‌లో మాట్లాడినా,” అంది సిద్ధమ్మ. ఏడ్చి తుడుచుకున్న ముఖం. “నువ్వు మాత్రం ఏం జేస్తావు, మన పనులట్లాంటివి. అంతసేపు కూర్చోబెట్టినారే, నీళ్లన్నా ఇచ్చినారా నీకు?”

తిట్టినా బాగుండేది. అతని తల కొట్టేసినట్లయింది.

అప్పుడే దానా వచ్చింది. సిద్ధమ్మను చూసి నవ్వుతూ పలకరించింది.

“ఖాలా, నాగేంద్ర విమానాశ్రయానికి తీసుకెళ్తానన్నది నిన్నేనా? ఎప్పుడు కావాలంటే అప్పుడు లేచి వెళ్లమన్నాను. అతను లేవకపోయేసరికి మీ ప్రయాణం ఆగిపోయిందేమో అనుకున్నాను. ఇంతసేపు ఎవరూ కూర్చోలేదు, తెలుసా? చాలా గొప్ప మనిషి.”

దానా పక్కనే ఆపి ఉన్న బండి ఎక్కి తలుపు వేసుకుంది. నాగేంద్రప్రసాద్ చెప్పుల వైపు చూస్తూ నిలబడ్డాడు. దుకాణంలోంచి ఎవరో సంచీతో బయటికొచ్చి, తప్పుకోమని చెప్పి పోయారు.

సిద్ధమ్మ కొంగు భుజం మీదికి లాక్కుంది.

“ఆ పాప చెప్పింది నీకు సరిగా అర్థమయిండదులే నాయనా. అరబ్బీ గదా.”

సిద్ధమ్మ కొత్తగా వచ్చినప్పుడు ఆమెకు అరబ్బీ నేర్పింది అతనే. ఫోన్‌లో ఒక్కొక్క మాటా చెప్పి, తిరిగి అనిపించుకుని నేర్పాడు. ఆ సంగతి అతనెంత ఎరుగునో ఆమె కూడా అంత ఎరుగును. నిజం చెప్పేయాలని నోరు తెరిచాడు.

“అవునక్కా,” అన్నాడు. “సరిగా అర్థం కాలే.”

సిద్ధమ్మ తల ఊపి, మెట్లెక్కి పనిలోకి పోయింది.