కలవని రొద

1998 జూన్ 9, మంగళవారం, ఉదయం ఎనిమిదిన్నరకి శౌరమ్మ వీధి కొళాయి కింద బిందె పెట్టింది. అప్పటికే పద్నాలుగు మంది పట్టుకుని వెళ్లిపోయారు. ముందొచ్చినా చివర పట్టుకోవడం ఆమెకి ముప్పై ఏళ్ల అలవాటు. అలవాటైంది గానీ కోపం తగ్గలేదు.

పామర్రు నించి చల్లపల్లి వెళ్లే రోడ్డు దిగి రెండు కిలోమీటర్లు లోపలికెళితే వచ్చే ఊరు అది. అక్కడ అందరికీ ఉన్నట్టే శౌరమ్మకీ గుండె కింద ఒక రొద ఉంది, తుమ్మెద రొదలాంటిది. ఒంటరిగా ఉంటే ఎవరిది వాళ్లకి వినపడుతుంది. పదిమంది చేరితే అన్నీ కలిసి ఒక్కటైపోతాయి, ఇక ఎవరిది వాళ్లకి తెలియదు. అలా కలిసినప్పుడు హాయిగా ఉంటుంది. నాట్లలో నడుం నొప్పి తెలియదు. గుళ్లో ఫాదర్ గారి ప్రసంగం ఎంత సాగినా మోకాళ్లు పీకవు. శౌరమ్మది మాత్రం కలవదు. పెద్దదేమీ కాదు, వేరేది, అంతే. ఆమె దగ్గర్లో ఉంటే మిగతావాళ్లవీ విడిపోతాయి, ఎవరి నొప్పి వాళ్లకి తెలిసొస్తుంది.

అందుకని ఆమెకి నాట్లలో విడి మడి, పెళ్లిళ్లలో ఆఖరి బంతి. ఒకసారి గుడి పెద్దలు చందా వేసుకుని బెజవాడ తీసుకెళ్లి గవర్నర్‌పేటలో చెవి డాక్టరుకి చూపించారు. ఆయన గంటసేపు పరీక్ష చేసి, "ఈవిడ బాగానే ఉందయ్యా. ఈసారి మిగతావాళ్లని తీసుకురండి" అన్నాడు. ఆ మాట పెద్దలు ఊళ్లో చెప్పలేదు. శౌరమ్మే చెప్పింది, ఎవరూ నమ్మలేదు.

నాలుగేళ్ల కిందట భర్త జక్కయ్యని సమాధుల తోటలో దింపుతుంటే, పాట చెడుతుందని ఆమెని కాలవ అవతలి గట్టున నిలబెట్టారు. గుప్పెడు మట్టి అందరూ వెళ్లిపోయాక వేసింది.

బిందె నిండుతుండగా పక్కింటి సువార్తమ్మ దూరంగా ఆగి పిలిచింది.

"ఒదినా, తొమ్మిదింటికి బళ్లో సభంట. చేపల చెరువులకి లారీలు తిరగటానికి మన సమాధుల తోటలోంచి రోడ్డేస్తారంట."

"మనల్నెవరడిగారు?"

"అడగటానికేగా సభ."

"మీ తోడికోడలూ అక్కడేగదే ఉంది. ఒప్పుకుంటావా?"

సువార్తమ్మ తల దించుకుంది. "సభలో అందరితో కూచుంటే అన్నీ బాగానే ఉంటాయి ఒదినా. ఇంటికొచ్చాకే ఏడుపొస్తది."

శౌరమ్మ బిందె అక్కడే వదిలేసి బడి వైపు నడిచింది.

ఊరి ప్రెసిడెంటు సీతమ్మ. ఆడవాళ్లకి కేటాయించిన ఆ పదవికి మూడేళ్ల కిందట ఏకగ్రీవంగా ఎన్నికైంది. కుర్చీలో కూర్చునేది భర్త వెంకటసుబ్బారావు. సీతమ్మ వరండాలో చాప మీద ఉంటుంది, తీర్మానాల పుస్తకం దగ్గరికొస్తే సంతకం పెడుతుంది. చేతులెత్తే పని లేదు. రొదలు కలిసి గది ఒక్కటిగా మోగితే గుమాస్తా అబ్దుల్లా 'ఏకగ్రీవం' అని రాస్తాడు. ఊళ్లో ఇరవై ఏళ్లుగా అదే పద్ధతి. చెరువులూ వెంకటసుబ్బారావువే.

శౌరమ్మ మెట్లెక్కడం చూసి ఆయన నవ్వుతూనే అన్నాడు. "శౌరీ, నువ్వు కాసేపు కాలవ గట్టున కూర్చో. టీ పంపిస్తాలే."

"కాలవకి ఇంకా నీళ్లొదల్లేదండీ. గట్టున ఏం చూస్తా కూచోను?"

ఎవరో కిసుక్కుమన్నారు. ఆయన మొహం మారింది.

"వేళాకోళమా? ఊరంతా ఒక్కమాట మీదుంది."

"ఉంటే నేను కూచుంటే ఏం పోద్దండీ? నోరిప్పను. ఊరికే కూచుంటా."

గౌరవం కొద్దీ సీతమ్మకి రెండు బారల దూరంలో ఎవరూ కూర్చోరు. చాప మీద ఖాళీ అక్కడే ఉంది. శౌరమ్మ అక్కడ కూర్చుంది.

అంతవరకూ ఒక్కటిగా మోగుతున్న గది పీచుపీచులుగా విడిపోయింది. మనుషులు ఒకళ్ల మొహాలొకళ్లు చూసుకున్నారు. ముందు సువార్తమ్మ లేచింది.

"మా తోడికోడలు ఆ తోటలో ఉందండీ. దాని మీంచి లారీలెళతాయా?"

తర్వాత రైతు వెంకటప్పయ్య. "ఆ చెరువుల ఊట నా చేలోకొస్తందండీ. రెండేళ్లుగా పంట లేదు."

"అప్పయ్యా, నిన్నటిదాకా నోరు లేదే నీకు!"

"నోరుందండీ. నాకే వినపళ్లేదు."

వెంకటసుబ్బారావు బల్ల మీద గుద్దాడు. "అబ్దుల్లా, రాయి. ఏకగ్రీవం."

అబ్దుల్లా కలం మూత పెట్టేశాడు. "గ్రీవం అంటే మెడ అండీ. ఇక్కడ నూటపది కనపడుతున్నాయి. ఏమని రాయమంటారు?"

ఈ గోలలో సీతమ్మ గుండె మీద చెయ్యి పెట్టుకుని శౌరమ్మ వైపు వంగింది.

"ఇది నాదేనా?"

"మీదేనండీ. ఎవరిది వాళ్లకే వినపడతది."

"పెళ్లికి ముందు వినేదాన్ని" అంది సీతమ్మ.

"సీతా! లే, పోదాం" అని అరిచాడు భర్త. తర్వాత శౌరమ్మకేసి తిరిగాడు. "గురువారం మా ఇంట్లో పెడతా సభ. నువ్వు వీధి మలుపు తిరిగావో, కాళ్లిరగ్గొట్టిస్తా."

శౌరమ్మ లేచి నిలబడింది. ముప్పై ఏళ్ల కోపమూ ఒక్కసారే వచ్చింది.

"నా మొగుడి మట్టికి నన్ను రానివ్వలేదు మీరు. అవతలి గట్టున నిలబెట్టారు, నిలబడ్డా. ఇప్పుడా మట్టి మీద లారీలు తోలతారా? తోలండి. నా మీంచి తోలండి!"

గురువారం ఆమెని మలుపు దగ్గరే ఆపడానికి ఇద్దరు మనుషుల్ని పెట్టారు. ఆమె అటు వెళ్లనే లేదు. గడ్డపార తీసుకుని సమాధుల తోటకెళ్లి జక్కయ్య సిలువ పక్కన కూర్చుంది. పదింటికి ఊరి వైపు నించి ఆ రొద వినపడింది, లావుగా, ఒక్కటిగా. అయిపోయిందనుకుంది. ఏడవలేదు. గడ్డపార మీద చెయ్యి తీయలేదు. సాయంత్రందాకా రోడ్డు పనికి ట్రాక్టరు రాలేదు. శుక్రవారం, శనివారం కూడా రాలేదు. ఎందుకు రాలేదో చెప్పడానికి ఆమె దగ్గరికి ఎవరొస్తారు?

సోమవారం అబ్దుల్లా సైకిలు తోట గేటుకి ఆనించి లోపలికొచ్చాడు.

"ఇంటికెళ్లు శౌరమ్మా. రోడ్డు లేదు."

"అందరిదీ కలిసింది గదండీ. విన్నాను."

"కలిసింది. నేనూ రాశాను. పుస్తకం లోపలికి పంపితే సీతమ్మగారు సంతకం పెట్టలేదు. శుక్రవారం పొద్దున ఒక్కరే నడిచొచ్చి పంచాయతీ ఆఫీసు తాళం తీయించుకుని, కుర్చీలో కూచున్నారు."