ఓజెల్ ప్రూయిట్ ఎనిమిది ఆవర్తాలు

ఓజెల్ ప్రూయిట్ ట్రాంబోన్ ఎత్తితే ముందు వరసలోని శాక్సోఫోన్ వాళ్ళు మెడలు పక్కకి వంచి కూర్చునేవారు. మనిషి ఆరడుగుల పైన, చేతులు అంతకన్నా పొడుగు. ట్రాంబోన్ జారుడు గొట్టాన్ని అతను చివరిదాకా సాచాడంటే ఎవరి బుర్రకో తగిలేది. అతని పక్క కుర్చీ నాది. లియాండర్ స్టబ్స్ గారి బృందంలో ట్రాంబోన్లు మేమిద్దరమే. ఊరూరా గోడలకి అంటించే కాగితాల మీద స్టబ్స్ గారి బొమ్మ, పాటలు పాడే అమ్మాయి బొమ్మ ఉండేవి. మిగిలిన పదముగ్గురం 'ఆయన కుర్రాళ్ళం', అంతే. ఓజెల్ నలభైకి దగ్గరపడుతున్నా కుర్రాడే.

ఓక్లహోమాలో పత్తి పండే పల్లె అతనిది. చర్చి బాజాలో వాయించడం నేర్చుకుని కాన్సస్ సిటీ చేరాడు. నాకన్నా ఎనిమిదేళ్ళు పెద్ద. నేను అన్నా అని పిలిచేవాణ్ణి.

"ఒరేయ్ థర్మన్, నీ వాయింపు వింటుంటే మా ఊళ్ళో ఈనలేక అరిచే ఆవు గుర్తొస్తోందిరా" అనేవాడు.

"నువ్వు వాయిస్తే దూడ కూడా వచ్చేస్తుందిలే అన్నా" అనేవాణ్ణి నేను.

అతనికి తనదంటూ ఒకే ఒక్క చోటు ఉండేది. నెమ్మదిగా సాగే ఒక పాటలో, అమ్మాయి పాడటం ఆపి నీళ్ళు తాగే సమయంలో, ఎనిమిది ఆవర్తాలు. అప్పుడు మాత్రం లేచి వేదిక ముందుకొచ్చి ఒంటరిగా వాయించేవాడు. గట్టిగా ఊదేవాడు కాదు. ఎవరితోనో మంచిచెడ్డలు మాట్లాడుతున్నట్టుండేది. డాన్సు చేసే జంటలు అడుగులు తగ్గించి వినేవి. అవగానే వెనక్కొచ్చి కూర్చుని, తర్వాతి పాట కాగితం తిప్పేవాడు. ఒక వసంతంలో చికాగో వెళ్ళి ఆ పాట రికార్డు చేశాం. దాని మీద స్టబ్స్ గారి పేరు ఒక్కటే అచ్చయింది.

ఆ ఏడే జూలై నాలుగు స్వాతంత్ర్య పండగకి, మిస్సోరీకి దక్షిణాన ఒక సరస్సు ఒడ్డున తెల్లవాళ్ళ డాన్సుకి వెళ్ళాం. పట్టపగలు, పందిరి కింద. నల్లవాళ్ళం కనక వంటవాళ్ళ దారిన లోపలికెళ్ళి వాయిస్తున్నాం. నెమ్మది పాట వచ్చింది. ఓజెల్ లేచి ముందుకి నడిచాడు. రెండు ఆవర్తాలు వాయించాడో లేదో, తాగి తూలుతున్న ఒక కుర్ర దొర వేదిక దగ్గరికొచ్చాడు. ఆ ఊరి కలప అడితీ యజమాని కొడుకట.

"చూడండ్రోయ్, ఈ పంపు కొడితే నీళ్ళొస్తాయేమో!" అంటూ ఎదురుగా ఉన్న జారుడు గొట్టాన్ని రెండు చేతులా పట్టుకుని బలంగా లోపలికి తోశాడు.

పెదవులకి ఆనించుకునే ఇత్తడి గిన్నె ఓజెల్ మూతిలోకి దిగింది. ఆ చప్పుడు నాకు వినపడింది. ఓజెల్ మోకాళ్ళ మీద కూలబడ్డాడు. ఆ మనిషి బిత్తరపోయి, "సరదాకి చేశానబ్బా" అని గొణిగి తన జంటని వెతుక్కుంటూ పోయాడు. స్టబ్స్ గారు మా వైపు వేలెత్తారు: ఆపొద్దు. అక్కడ ఆపితే ఏమవుతుందో మా అందరికీ తెలుసు. పాట పూర్తిచేశాం, దాని తర్వాత ఇంకో నాలుగు వాయించాం. ఓజెల్ తన కుర్చీలోకొచ్చి రుమాలు నోట్లో కుక్కుకుని కూర్చున్నాడు.

ఊరి పళ్ళ డాక్టరు మా మొహాలు చూసి తలుపు తీయలేదు. మాకు బస ఇచ్చిన మంత్రసాని టెంపీ అవ్వే సూది, దారం తీసుకుంది.

"నేను బిడ్డల్ని బయటికి లాగేదాన్ని నాయనా. మూతి కుట్టడం నాకేం తెలుసు?" అని కళ్ళొత్తుకుంటూనే పై పెదవి కుట్టింది. ముందు పళ్ళు రెండూ ఇంటికొచ్చేలోపే ఊడిపోయాయి.

ట్రాంబోన్ శబ్దం ఇత్తడిలో పుట్టదు, పెదవిలో పుడుతుంది. పెదవికి పళ్ళు గోడ. కాన్సస్ సిటీలో మావాడైన పళ్ళ డాక్టరు కట్టుడు పళ్ళు పెట్టాడు. చలికాలానికి ఓజెల్ బృందంలోకి తిరిగొచ్చాడు. మొదటి గంట ఫర్వాలేదు. ఆ తర్వాత పెదవి మీది కుట్టు మొద్దుబారి, కట్టుడు పళ్ళు కదిలి, స్వరం బదులు గాలి వచ్చేది. నన్ను ఓరగా చూసేవాడు. గొట్టం మాత్రం ముందుకీ వెనక్కీ కదుపుతూ ఊదడం మానేసేవాడు. అతని స్వరాలు కూడా వీలైనన్ని నేనే అందుకునేవాణ్ణి. వినేవాళ్ళకి తెలిసేది కాదు. స్టబ్స్ గారికి మొదటి రోజే తెలిసింది. ఆయన ఆ ఎనిమిది ఆవర్తాలు శాక్సోఫోన్‌కి ఇచ్చేశారు.

మరుసటేడు న్యూయార్క్ నుంచి పిలుపొచ్చింది. స్టబ్స్ గారు ఓజెల్‌ని పిలిచారు. నేను అక్కడే ఉన్నాను.

"ఓజెల్, అక్కడివాళ్ళకి చెవులు పదును నాయనా."

"తెలుసండి."

"నిన్ను తీసేయడానికి నాకు నోరు రావట్లేదు."

"మీరేం చెప్పక్కర్లేదండి. కొత్తవాడెవరు?"

"ఒమాహా నుంచి లూషియస్ అని..."

"పొట్టివాడైతే నా కోటు చేతులు మడిచి కుట్టించాలి. నాకని పొడుగు పెట్టించారు" అన్నాడు ఓజెల్. కోటు విప్పి, మడతపెట్టి, బల్ల మీద పెట్టాడు.

మేము తూర్పుకి వెళ్ళిపోయాం. అతను మాంసం కర్మాగారంలో చేరాడు. నేలమాళిగలో పచ్చి తోళ్ళకి ఉప్పు పట్టించి దొంతర్లు పేర్చే పని. వాళ్ళావిడ ఐడెలా చాకిరేవు దుకాణంలో ఇస్త్రీ చేసేది. ఆ తోళ్ళ కంపు పోవడానికి రోజూ అతని వీపు వెనిగర్‌తో తోమేదట.

న్యూయార్క్‌లో మేము ఉద్ధరించింది కూడా ఏమీ లేదు. యుద్ధమొచ్చింది, సగం మంది సైన్యంలోకి పోయాం. తిరిగొచ్చేసరికి పెద్ద బృందాల రోజులు పోయాయి. స్టబ్స్ గారు చేతులెత్తేశారు. నేను కాన్సస్ సిటీకి వచ్చి, ఒక పెద్ద దుకాణంలో లిఫ్టు నడిపే పనిలో కుదిరాను.

ఒక శనివారం మధ్యాహ్నం ఓజెల్, నేను ఫీనియస్ కొట్లో కాల్చిన పక్కటెముకల మాంసం తింటున్నాం. అతను మెత్తటి ముక్కలు ఏరుకుని తింటున్నాడు. ఎవరో పాటల పెట్టెలో నాణెం వేస్తే మా నెమ్మది పాట మొదలైంది. ట్రాంబోన్ వచ్చేసరికి కొట్లో గోల సద్దుమణిగింది.

"ఎవడ్రా బాబూ ఈ మారాజు?" అన్నాడు పక్క బల్ల మీది లారీ డ్రైవరు.

"లూషియస్ కదూ, స్టబ్స్ దగ్గరుండేవాడు" అన్నాడు ఫీనియస్. ఓజెల్ వైపు తిరిగి, "నువ్వూ కొన్నాళ్ళు అక్కడే ఉన్నట్టున్నావు. లూషియసేగా?"

నేను నోరు తెరవబోయాను. ఓజెల్ బల్ల కింద నా కాలు తొక్కాడు.

"ఆఁ, లూషియసే" అన్నాడు.

బయటికొచ్చాక నేను పట్టలేకపోయాను. "ఎందుకలా చెప్పావన్నా? నువ్వేనని చెబితే నీ సొమ్మేం పోయేది?"

"నేనే అంటే వాయించి చూపించమంటార్రా" అన్నాడు. వచ్చిన ట్రాము ఎక్కేశాడు.

నాలుగేళ్ళకి స్టబ్స్ గారు గుండె జబ్బుతో ఊరికి తిరిగొచ్చారు. చివరిసారిగా పాతవాళ్ళందరితో మా బాజాలవాళ్ళ సంఘం హాల్లో ఒక ఆదివారం మధ్యాహ్నం వాయించాలని ఆయన కోరిక. ఓజెల్‌కి కూడా కబురు పెట్టారు. ఓజెల్ కొత్త కట్టుడు పళ్ళు చేయించుకున్నాడు. పని నుంచి రాగానే బొగ్గుల గదిలో దూరి సాధన చేసేవాడు. ఐడెలా వదిన నా లిఫ్టు దగ్గరికే వచ్చింది.

"ఆయన ఇంట్లో నవ్వుతున్నాడు తమ్ముడూ" అంది.

"మంచిదేగా వదినా."

"నాకు భయంగా ఉంది."

శుక్రవారం సాయంత్రం అందరం కలిసి వాయించి చూసుకున్నాం. జుట్టు నెరిసినవాళ్ళు, పొట్టలు పెరిగినవాళ్ళు. ఓజెల్ నా పక్కన కూర్చున్నాడు. మొదటి రెండు పాటల్లో కింది స్వరాలు నిండుగా పలికించాడు. డ్రమ్ములవాడు కర్ర ఊపి, "ముసలి ఆవు లేచిందిరోయ్!" అని అరిచాడు. ఓజెల్ నవ్వాడు. నేనూ ఆశపడ్డాను, అబద్ధమెందుకు.

మూడోది నెమ్మది పాట. స్టబ్స్ గారు ప్రేమకొద్దీ ఓజెల్ వైపు తలూపారు. అతను లేచి నిలబడ్డాడు. మొదటి స్వరం సగం పలికి చీలిపోయింది. రెండోది పలకనే లేదు. తాళం నడుస్తోంది, అతను ఊదుతున్నాడు, ఉత్త గాలి బుసబుసమంటోంది. గడ్డం మీదికి సన్నగా నెత్తురు దిగింది. మూడో ఆవర్తంలో స్టబ్స్ గారు తన ట్రంపెట్ ఎత్తి మిగతా ముక్క తానే వాయించారు. ఓజెల్ ఎనిమిదీ అయ్యేదాకా నిలబడే ఉండి, తన చోటు అయిపోయాక కూర్చున్నాడు.

"ఆదివారం తప్పకుండా రా ఓజెల్. ఊదినా ఊదకపోయినా నీ కుర్చీ నీకుంటుంది" అన్నారు స్టబ్స్ గారు వెళ్ళేటప్పుడు.

"అలాగేనండి" అన్నాడు.

ఆదివారం రాలేదు. నేను ఇంటికెళ్ళాను. చిక్కుడు గింజలు ఉడకబెట్టి మెదిపిన గిన్నె ముందు కూర్చున్నాడు. పళ్ళు నోట్లో లేవు.

"ఊరికే వచ్చి కూర్చో అన్నా. నీ స్వరాలు నేను పడతాను" అన్నాను.

"ఎన్నాళ్ళు పడతావురా? నీ పని నువ్వు చూసుకో. ఆలస్యమవుతోంది, వెళ్ళు." కోపంగా అనలేదు. చెంచా తీసుకుని తినసాగాడు. నేను వెళ్ళిపోయాను. ఆ రోజు రెండో ట్రాంబోన్ లేకుండానే వాయించాం. జనం బాగుందన్నారు.

నేలమాళిగ చెమ్మకి అతని ఊపిరితిత్తులు చెడ్డాయి. రెండు చలికాలాలు దగ్గుతూనే పనికి వెళ్ళాడు, మూడో చలికాలంలో మంచాన పడ్డాడు. చూడటానికి వెళితే నా లిఫ్టు గురించి, దానిలోకి ఎక్కే ఆడవాళ్ళ టోపీల గురించి అడిగేవాడు. సంగీతం మాట ఎత్తితే కళ్ళు మూసుకునేవాడు. ఫిబ్రవరిలో పోయాడు.

చర్చిలో బృందం వాళ్ళం నలుగురమే ఉన్నాం. స్టబ్స్ గారు అప్పటికే పోయారు. మాంసం కర్మాగారం నుంచి మాత్రం పదిహేను మంది దాకా వచ్చారు, ఉప్పుకి చేతులు పగిలిపోయిన మనుషులు. పాదిరిగారు ఓజెల్‌ని ఒళ్ళు దాచుకోని కష్టజీవి అన్నారు. ట్రాంబోన్ సంగతి ఎత్తలేదు, ఆయనకి ఎవరూ చెప్పలేదు కాబోలు.

శవపేటిక ఎత్తేముందు వాళ్ళలో ఒకతను నన్ను పక్కకి పిలిచాడు. "మీరు బాజాల వాళ్ళటగా. మా ఓజెల్ మీకెలా తెలుసు?"

"మాతో వాయించేవాడు."

"మా ఓజెలా?" అతను నమ్మలేదు. "పన్నెండేళ్ళు పక్కపక్కన పనిచేశాం. ఒక్కసారి ఈల కూడా వేయలేదే!"

నేను పేటిక ఒక కొస పట్టుకున్నాను. నేల గడ్డకట్టి ఉండటంతో గుంట చాలినంత పొడుగు తవ్వలేదు. గునపాలు తెచ్చి మళ్ళీ తవ్వేదాకా ఆ చలిగాలిలో అందరం నిలబడ్డాం. మంచు కరిగాక ఐడెలా వదిన ఇల్లు ఖాళీ చేసి సెయింట్ లూయిస్‌లో ఉన్న చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోయింది.