రాసిచ్చిన ఓటు

"మీ పేరు లేదమ్మా" అన్నాడు బల్ల వెనక కూర్చున్న ఎన్నికల అధికారి.

"సరిగ్గ చూడు నాయినా. భాగ్యమ్మ, మూడో అంతస్తు. ఈ బిల్డింగు లేసిన జాగ మాదే. నువ్వు కూసున్న తాన మా బర్ల కొట్టం ఉండె."

వరసలో ఎవరో కిసుక్కున నవ్వారు. బాచుపల్లిలోని ఆ అపార్ట్‌మెంటులో ఆ ఆదివారం ఫ్లాట్ల సహకార సంఘానికి ఎన్నికలు. సెల్లారులో కార్లన్నీ బయట పెట్టించి బల్లలు వేశారు. అధికారి జాబితా మీద వేలు పెట్టి మళ్లీ చూశాడు.

"ఫ్లాటు ఓంకార్ పేరు మీదుంది. సభ్యుడు ఆయన. ఓటు ఆయనే వచ్చి వెయ్యాలి. ఒకరి బదులు ఒకరు వేస్తే చెల్లదమ్మా."

ఓంకార్ ఆమె ఒక్కగానొక్క కొడుకు. పెనిమిటి లింగమూర్తి చనిపోయిన ఏడాదే ఫ్లాటును వాడికి గిఫ్టు రాసిచ్చింది. వాడు అడగలేదు. ఆమె భయమే అడిగింది. దగ్గొస్తే క్షయ, ఫోను మోగితే యాక్సిడెంటు, మబ్బు పడితే వరద అనుకునే మనిషి. రేపు తన గుండె ఆగిపోతే పిల్లగాడు కాగితాల కోసం ఆఫీసుల చుట్టూ తిరిగి చిక్కిపోతాడని బెంగపడి, చెల్లెళ్లు వద్దంటున్నా పోయి సంతకం పెట్టి వచ్చింది.

"మీరిప్పుడు సభ్యురాలు కాదు కదండీ భాగ్యమ్మగారూ" అన్నాడు యజ్ఞనారాయణ. సంఘానికి అధ్యక్షుడు ఆయనే, మళ్లీ నిలబడ్డాడు. "ఓటుదేముందండీ, టీ తాగి వెళ్లండి. సమోసాలు కూడా తెప్పించాం."

ఆ నవ్వు చూస్తే భాగ్యమ్మకు ఒళ్లు మండిపోయింది. పోయిన నెల మనవరాలు అఖిల లిఫ్టులో ఇరుక్కుంది. చీకట్లో ఏడ్చి ఏడ్చి బట్టలు తడుపుకుంది. తలుపు విరగ్గొట్టి తీసేసరికి పిల్లకు మాట రాలేదు. ఇప్పటికీ ఒంటరిగా బాత్రూముకు పోదు. లిఫ్టు బాగుచేసే కాంట్రాక్టు యజ్ఞనారాయణ బావమరిదిది. అడగబోతే, "పిల్లలు బటన్లు నొక్కి ఆడుకుంటే ఎలాగండీ" అన్నాడు. ఆయన మీద పోటీకి దిగిన నాలుగో అంతస్తు సరోజమ్మ, గెలిస్తే ఆ కాంట్రాక్టు పీకేస్తానంది. అందుకే భాగ్యమ్మ తెల్లవారంగనే తలస్నానం చేసి వచ్చి వరసలో నిలబడింది.

కొడుక్కు ఫోను చేసింది. ఆదివారమైనా వాడు ఆఫీసులోనే ఉన్నాడు.

"మళ్లేమైందమ్మా? పాపకేమన్న అయ్యిందా?"

"ఏం కాలే. ఓటెయ్య రా."

"ఓటా? నాకు మీటింగున్నది. ఒక్క ఓటుతోని ఏమైతదే?"

ఫోను పెట్టేశాడు. పిల్లను చూసుకొమ్మని కోడలు జ్యోత్స్నకు చెప్పి భాగ్యమ్మ రోడ్డు మీదికి నడిచి ఆటో ఆపింది.

"ఏడికి పెద్దమ్మా, దవాఖానకా?"

"హైటెక్ సిటీకి. కొడుకును పట్కరానీకి."

మామూలుగా ఆటో ఎక్కితే లారీ గుద్దుతుందని చీర కొంగు పిడికిట్లో పట్టుకుని దేవుళ్లందరికీ మొక్కేది. ఆ రోజు ఒక్క దేవుడూ గుర్తు రాలేదు. సమోసాలే గుర్తొచ్చాయి. తన జాగలో, తన మనవరాలిని ఏడిపించినవాడు, తనకు సమోసా పెడతాడట!

అద్దాల బిల్డింగు గేటు దగ్గర సెక్యూరిటీ అతను ఆపాడు. "బ్యాడ్జి లేనిది లోపలికి ఇడువరు తల్లీ. జర ఫోన్ చేసి పిలువు."

తల్లి గేటు దగ్గరుందనేసరికి ఓంకార్ మెడలో బ్యాడ్జి ఊగుతుండగా పరుగెత్తుకొచ్చాడు.

"పరేషాన్ చేస్తున్నవమ్మా! ఓటు కోసం ఇంత దూరమా? నీకు అన్నిటికీ భయమే. లిఫ్టన్నంక ఆగుతది."

"భయం లేదు బిడ్డా. కోపం ఉన్నది. నీ పిల్ల లోపల మొత్తుకుంటుంటే నేను గోళ్లు ఊడంగ తలుపు గీరిన. నువ్వప్పుడు మీటింగులనే ఉన్నవ్."

"అమ్మా, మెల్లగ. అందరు చూస్తున్నరు."

"చూడనియ్యి. ఫ్లాటు రాసిచ్చిన నాడు గోడలు రాసిస్తున్న అనుకున్న. నోరు గూడ రాసిచ్చిన్నని ఇయ్యాల తెలిసింది. నా నోరు నీ తాన పెట్టుకోని నువ్వు మాట్లాడకుంటె ఎట్ల?"

ఓంకార్ తల వంచుకుని కారు తీశాడు.

పోలింగు ముగిసేలోపు చేరుకున్నారు. యజ్ఞనారాయణ ఎదురొచ్చి ఓంకార్ భుజం మీద చెయ్యి వేశాడు. "రండి రండి ఓంకార్ గారూ! మీలాంటి చదువుకున్నవాళ్లే సంఘానికి బలమండీ."

తల్లి వైపు చూడనైనా లేదు. ఓంకార్ వరసలోకి పోతూ వెనక్కి వంగి అడిగాడు. "ఎవరికెయ్యాలె అమ్మా?"

నిలబడ్డది ఎవరో కూడా వాడికి తెలియదు! భాగ్యమ్మకు పళ్లు కొరికినంత పనయింది. "సరోజమ్మకు" అంది.

దీపాలు పెట్టే వేళకు లెక్క తేలింది. సరోజమ్మ గెలిచింది. యజ్ఞనారాయణ ఎవరితోనూ మాట్లాడకుండా మెట్ల మీదుగా వెళ్లిపోయాడు. ఆడవాళ్లు చప్పట్లు కొట్టారు. ఓంకార్ నవ్వుతూ తల్లి దగ్గరికి వచ్చాడు.

"గెలిచినం గదమ్మా. ఇంకెందుకు మూతి ముడుచుకున్నవ్?"

"మీరు గెలిచిన్రు. నేనేడున్న అండ్ల? రేపు నీకు మీటింగుంటె మళ్ల ఆటో ఎక్కి నీ గేటు తాన నిలవడాల్నా? రేపే రిజిస్ట్రేషన్ ఆఫీసుకు పోదాం. ఫ్లాటు మళ్ల నా పేరు మీద ఎక్కియ్."

ఓంకార్ నవ్వు ఆగిపోయింది. "ఇప్పుడెందుకమ్మా అదంత? నీ పేరు మీదున్నా నా పేరు మీదున్నా మనిద్దరం ఒకటే గదా."

"ఒకటే అయితే నా పేరు మీదనే ఉండనియ్యి."

ఓంకార్ జేబులోంచి ఫోను తీసి చూసుకోసాగాడు. అది మోగనే లేదు.

భాగ్యమ్మ అక్కడున్న కుర్చీ ఒకటి బయటికి లాక్కెళ్లి, కొడుకు కారుకు అడ్డంగా వేసుకుని కూర్చుంది. "చెప్పు" అంది. "నీ జవాబు వినేదాక నేనీడ్నే ఉంట."