మరులునీటి ముడి

మా వీధి అరుగు మీద కూర్చుని, మోకాలిలోతు నీళ్లలో కాళ్లు పెట్టుకుని, చేప తోముతున్నాను, ఎంత తోమినా పొలుసు మళ్లీ మళ్లీ పుట్టుకొస్తూనే ఉంది, వీధి పొడుగునా నీళ్లు గంజిలా తెల్లగా, అల లేకుండా, చప్పుడు లేకుండా నిలబడి ఉన్నాయి, ఆ నీళ్లలోంచి మా ఆయన ఎల్లాజీ, జ్వరంతో పోయి ఏడాది కావస్తున్నవాడు, లుంగీ ఎగ్గట్టుకుని సంతనుంచి వస్తున్నంత తీరిగ్గా నడిచి వస్తున్నాడు.

"ఏటే కొర్లమ్మా, కూరేటి?"

"నీకెందుకు మావా? అక్కడ వండిపెట్టేది ఉంది కదా నీకు!"

నవ్వుతాడు. గెడ్డం బొడ్డుదాకా వేలాడుతోంది. ఆ గెడ్డం నాకు తెలుసు. పొలంగట్ల మీద మరులుతీగ ఉన్నట్టే సముద్రంలో మరులునీరు ఉంటుందని మా ఊళ్లో అంటారు. తీగ తొక్కినవాడు దారి మరిచిపోతే, నీరు తాకినవాడు కాలం మరిచిపోతాడు. మా పెళ్లయిన కొత్తలో పొద్దున్నే నున్నగా గీసుకుని తెప్పెక్కిన మనిషి, పొద్దుగూకేసరికి ఇదే గెడ్డంతో దిగి, నన్ను చూసి, "ఓలమ్మ, నువ్వింకా ఇలాగే ఉన్నావేటే!" అని గొల్లుమన్నాడు. తెల్లటి నీళ్ల నడుమ ఒక ఇల్లుందట, ఏళ్లూపూళ్లూ అందులోనే ఉన్నాడట, ఎవరో ఒకామె అన్నం పెట్టేదట. పేరు చెప్పమంటే మాత్రం నోరు మెదపలేదు. పోయేదాకా మెదపలేదు. ఆయన వల చిరిగినచోట మాత్రం కొత్తగా ఒక అతుకు కనిపించింది. నేను వేసే ముడి కుడికి తిరుగుతుంది. ఆ అతుకులో ప్రతి ముడీ ఎడమకే తిరిగింది.

"నా వలేదే?" అంటున్నాడు ఇప్పుడు, అరుగు కిందకి వంగి చూస్తూ.

పోయినవాడి వల ఏడాది కర్మ నాడు సముద్రంలో వదలాలి, మా వాళ్ల ఆచారం అది. వదలకపోతే ఆ మనిషికి అక్కడ పని దొరకదు, నిలువ నీడ దొరకదు. ఆ కర్మ రేపే. నేనేమో వలని గోనెసంచిలో కుక్కి మంచం కిందకి తోసేశాను.

"ఎలకలు కొట్టేసినాయి," అంటాను.

"నీ మరిదికి సెప్పిన మాటే నాకూ సెప్తన్నావా? డిగ్రీ సదివినదానివి, నీళ్లతోటి సవితిపోరేటే?"

"సవితి నీళ్లలో ఉంటే పోరు నీళ్లతోనే. నీ వల నా చేత్తో దానికి పంపించాలా? అది వాకిట్లో ఆరేసుకుని మురుస్తుంటే, నేను ఒడ్డున నిలబడి చూడాలా?"

అంటుండగానే నా ఒళ్లో చేప వలైపోతుంది, అరుగు తెప్పైపోతుంది, వీధిలో ఇళ్లన్నీ వెనక్కి జరిగిపోయి, ఒక్క ఇల్లు మాత్రం ఎదురొస్తుంది, దాని వాకిట్లో ఎర్రంచు చీర ఒకటి గాలి లేకపోయినా ఊగుతోంది. నా చీరలన్నిటికంటే బాగుంది, ముదనష్టపుది.

"అదేనా ఇల్లు?"

"ఊఁ."

"అందగత్తేనా?"

గెడ్డం గోక్కుంటాడు. మగాడు గెడ్డం గోక్కున్నాడంటే అందగత్తె అన్నమాటే.

"పులుసు ఎవరిది బాగుంటాది, నాదా, దానిదా?"

"దానిదే."

బతికుండగా రాని అబద్ధం చచ్చాక మాత్రం ఏం వస్తుంది? నా కళ్లలో కారం కొట్టినట్టవుతుంది. "మరైతే ఎందుకొచ్చేశావు? అక్కడే ఉండిపోలేకపోయావా?"

"నానెక్కడొచ్చినానే, అదే గెంటేసింది."

"ఎందుకు?"

"వల కొనకాడ నీ ముడి ఒకటున్నాది కదా, పెళ్లైన కొత్తలో ఏసినావు. అది సూసి, ఎవులు కట్టినారని అడిగింది. సెప్పనేదు. పేరైనా సెప్పమన్నాది. నీకు దాని పేరు సెప్పినానా? అలాగే దానికీ నీ పేరు సెప్పనేదు. ఇంక సూడు, అన్నం మానేసి ఆ ముడికాడే కూకునీది. గోళ్లతోటి లాగింది, రానేదు. పళ్లతోటి పట్టి లాగింది, రానేదు. ఆఖరికి, పో, దానికాడికే పో, అని తెప్ప తోసేసింది."

నా గొంతులో ఏదో తీపి ఊరుతుంది, మింగుదామంటే అవ్వట్లేదు. "ఏడ్చిందా?"

"ఏడిసింది."

"గట్టిగానా?"

"ఊరంతా ఇనబడీలాగ."

ఒళ్లు చల్లబడుతుంది, చాన్నాళ్ల మంట మీద ఎవరో చల్ల పోసినట్టుంటుంది, అప్పుడు గానీ ఆయన కాళ్ల వంక నా చూపు పోదు; పాదాలు నానిపోయి, ముడతలుపడి, తెల్లగా పాలిపోయి ఉన్నాయి.

"ఇప్పుడెక్కడుంటున్నావు మావా? దానింట్లోనేనా?"

"వల లేనోణ్ని ఎవులుండనిస్తారే? ఒడ్డు మీదా సోటు నేదు, ఆ గుమ్మంలోనా సోటు నేదు. ఏడాదై నీళ్లలోనే నిలబడిపోనాను. కాళ్లు పీకేస్తన్నాయి కొర్లమ్మా."

ఆ ఇంటి తలుపు కిర్రుమంటుంది, సందులోంచి నాలుగు వేళ్లు కనిపిస్తాయి, ఎడమచేతివి, ఆ చెయ్యి ఎవరిదో చూద్దామని నేను తెప్ప మీద లేచి నిలబడతాను—

"వదినా!"

చాప మీద ఉన్నాను. ఎండ ఇంకా గడప దాటలేదు. గుమ్మంలో మా మరిది గంగులు. "రేపు వదలాల కదా వదినా. అన్న వల ఎలకలు మొత్తం కొట్టేసినాయా? పీలికైనా మిగల్నేదా?"

మంచం కిందనుంచి గోనెసంచి లాగి, వల విప్పాను. ఇన్నేళ్లూ ఎప్పుడు ఈ వల ముట్టుకున్నా నా కళ్లు ఆ ఎడమచేతి అతుకు మీదే పడి మండేవి. కొసన ఉన్న నా ముడి వంక నేనే ఏనాడూ చూడలేదు. చూశాను. వల మొత్తం మీద ఒక్క కన్నూ తెగలేదు. నా ముడి ఒక్కటే పీచులు రేగి ఉంది, దానికి అటూ ఇటూ సన్నటి, వరసైన పంటిగాట్లు.

గంగులు వంగి చూశాడు. "ఎలకేనా వదినా?"

"ఎలకే. ఆడ ఎలక," అన్నాను. "పట్టుకుపోదువు గానీ ఉండు, ముందా దారం ఇలా ఇయ్యి."

ఆ ముడి మీదే ఇంకో ముడి, కుడికి తిప్పి, పంటితో లాగి మరీ బిగించాను.