గల్ కోవ్ యాస

డల్సీ హిస్కాక్ నలభై ఏళ్లుగా టొరంటోలో నటిస్తోంది. టీవీలో జడ్జి, నర్సు, హత్య జరిగిన ఇంటి పక్కావిడ. కథ న్యూయార్క్‌లోనో షికాగోలోనో జరుగుతుంది. షూటింగ్ మాత్రం టొరంటోలో. న్యూఫౌండ్‌లాండ్ దీవి నుంచి వచ్చిన కొత్తలో నటన నేర్పే మాస్టారు, "ముందు నీ మాటలో చేపల వాసన పోవాలి," అన్నాడు. రెండేళ్లలో పోగొట్టుకుంది.

అరవై ఆరో ఏట మొదటిసారి ప్రధాన పాత్రకు పిలిచారు. గల్ కోవ్ అనే రేవులో జాలరి భార్య. డల్సీ పుట్టింది ఆ ఊళ్లోనే. ఆ సంగతి ముందుగా చెప్పలేదు. నోరు తెరిస్తే వాళ్లకే తెలుస్తుందనుకుంది.

"ఆడొస్తాడు. పొయ్యి ఆర్పీకండి," అంది ఆడిషన్‌లో.

దర్శకురాలు టెస్సా కీపింగ్‌ది గల్ కోవ్ పక్క ఊరే. "యాస బాగానే నేర్చుకున్నారండీ. ఎవరి దగ్గర?" అని అడిగింది.

పుట్టింది అక్కడేనని చెప్పడానికి డల్సీకి సిగ్గేసింది. మళ్లీ చేసి చూపిస్తానని వారం గడువు అడిగి, ఇంటికి రాగానే గల్ కోవ్‌లో ఉన్న చెల్లెలు మిల్లీకి ఫోన్ చేసి ఆ మాట వినిపించింది.

"ఓలప్పా! జడ్జమ్మ తీర్పు సెప్తన్నట్టుందే!"

"నవ్వకే. అమ్మయితే ఎలా అంటుందో అను."

మిల్లీ చేపలు వేయిస్తూ అనేసింది.

"అంతేనా?"

"మరేటి? పాటేటి, సాగదీడానికి?"

డల్సీ వారమంతా సాధన చేసింది. రెండోసారి టెస్సా చివరిదాకా విని, "మొదటిసారే నయమండీ," అంది. ఆ పాత్ర న్యూఫౌండ్‌లాండ్ రాజధాని సెయింట్ జాన్స్ నటికి వెళ్లింది. ఊరు ఖాళీ చేయమని చెప్పడానికి టొరంటో నుంచి వచ్చే అధికారిణి వేషం డల్సీకి ఇచ్చారు. ఒక్క సీను. ఒప్పుకుంది.

షూటింగ్ గల్ కోవ్‌లోనే. చూడటానికి వచ్చిన జనంలో మిల్లీ ఉంది.

"ఈ సీనుకి యాస అక్కర్లేదండీ," అంది టెస్సా. "మీరు మామూలుగా మాట్లాడేయండి."

"మామూలుగా అంటే?"

హాస్యమాడుతోందనుకుని టెస్సా నవ్వింది. చుట్టూ ఉన్నవాళ్లూ నవ్వారు. మిల్లీ నవ్వలేదు.

డల్సీ రేవు వైపు తిరిగి, ఊరు ఖాళీ చేయాలని చెప్పింది. మొదటి టేకే ఓకే అయింది.

మిల్లీ దగ్గరికొచ్చి ఆమె కోటు కాలరు సరిచేసింది.

"బాగా సేసినావప్పా," అంది. "నిజంగా పరాయిదానిలాగే ఉన్నావు."