రెండు చెంచాల పొడి, గ్లాసెడు పాలు

పాలు కొలిచేటప్పుడు కొలత వైపు చూడకూడదు, గిరాకీ మొహంలోకి చూడాలి. కొలత వైపు చూస్తే తక్కువ పోస్తున్నామని వాళ్లకు అనుమానం వస్తుందట. శాలిబండలో ఈ ఇంటికి కోడలిగా వచ్చిన కొత్తలో మా అత్త లలితమ్మ నేర్పిన మొదటి పాఠం ఇది. రెండోది కూడా ఆ రోజే నేర్పింది. "పాలమ్మే ఇంట్ల ఆడోళ్లు అమ్మే పాలు నోట్లె పెట్టొద్దు పిల్లా. బర్రె ఎండిపోతది." నా మొగుడు ప్రేమ్‌రాజ్ రోజూ చెంబెడు తాగినా ఎండని బర్రె, నేను తాగితే ఎందుకు ఎండుతుందని అడగలేదు. అడగకుండా ఉండడం కూడా ఆ ఇంట్లో ఒక పనే. మిగతా పనుల్లాగే దానికీ జీతం లేదు.

ఆ పొద్దు కూడా మొహాలే చూస్తున్నాను. అందుకే షౌకత్ బీ రాలేదని వెంటనే తెలిసింది.

వెనక గల్లీలో ఉండే షౌకత్ ఖాలా, నాకు పిన్ని లాంటిది, రోజూ అందరికన్నా ముందు వచ్చేది. గిన్నె మా పాలకొట్టు గల్లా మీద పెట్టి, "ఏం బేటీ, నీ బర్రెలు మంచిగున్నయా? నువ్వు మంచిగున్నవా?" అని అడిగేది. ముందు బర్రెలు, తర్వాత నేను. మా ఇంట్లో ఆ వరుసలో కూడా నన్ను అడిగేవాళ్లు లేరు కాబట్టి నాకది పండగలా ఉండేది.

ఆమె గిన్నె పట్టుకుని కోడలు మహీన్ వచ్చింది.

"ఖాలా ఏది?"

"పండుకున్నరక్కా. ఫజర్ నమాజుకు గూడ లేవలే. లేపితే ఊ అంటున్నరు, మళ్ల కండ్లు మూస్తున్నరు. నిన్నటి సంది ఒకటే దూప. బాటిళ్లకు బాటిళ్లు నీళ్లు తాగుతున్నరు."

"షుగర్ గోలీ ఏస్కున్నదా?"

మహీన్ నన్ను వింతగా చూసింది. "అదేందక్కా గట్ల అడుగుతరు? గోలీలు బంద్ చేసుడు మీ వాయిస్ ఇన్నంకనే కద. పోయిన జుమ్మా సంది ఏస్కుంటలేరు. పొడి ఒక్కటే తాగుతున్నరు."

"నేను చెప్పిన్నా? ఎప్పుడు?"

ఆమె గిన్నె దించి ఫోన్ తీసింది. గల్లా ముందు నలుగురు ఆడవాళ్లు వింటుండగా నా గొంతు మోగింది. "గోలీలన్ని బంద్ చేసిన. ఒక్కటి గూడ ఏస్కుంటలే. ఇప్పుడు పానం మస్తు హల్కగున్నది."

పాలు పొర్లి నా పాదాల మీద పడ్డాయి. ఇన్నేళ్లలో మొదటిసారి కొలత వైపు చూశాను.

ఆ మాటలు నావే. కానీ అవి మా చెల్లెలు స్వీటీకి వాయిస్ పెట్టి చెప్పినవి. నడుము నొప్పి గోలీలు వేసుకుంటే కడుపులో మంట పుడుతోందని, అందుకే మానేశానని, అక్కాచెల్లెళ్లు చెప్పుకునే మాట. అది నా ఫోన్‌లోంచి తీసి ప్రేమ్‌రాజ్, తను పొడి అమ్మే వాట్సాప్ గ్రూపులో వేశాడు. గ్రూపు నా నంబర్ మీదే ఉంటుంది, పైన నా ఫోటో ఉంటుంది. "నిన్ను ఓనర్‌ను చేసిన విజ్జీ" అని అప్పట్లో మురిపెంగా చెప్పాడు. ఊదా రంగు డబ్బాలో వచ్చే ఆ ఆడవాళ్ల బలం పొడి గురించి అతను రాసిచ్చినవి అడపాదడపా చదివి అందులో వాయిస్ పెట్టేదాన్ని. "ఇది తాగినంక నీరసం పోయింది అక్కా" లాంటివి. గోలీలు మానమని మాత్రం ఏ రోజూ ఎవరికీ చెప్పలేదు.

కొలత క్యానులో వదిలేసి దిగాను.

"ఏయ్ పిల్లా! గిరాకీని ఇడ్శిపెట్టి యాడికి వోతున్నవ్?" మా అత్త కేక.

"పాలు నువ్వు పొయ్యి అత్తమ్మా!"

మహీన్ చెయ్యి పట్టుకుని గల్లీలో పరుగులాంటి నడక నడిచాను. కాళ్లు ముందుకు పోతుంటే బుర్ర వెనక్కి పోతోంది. రోజూ పొద్దున గల్లా ముందు నిలబడ్డ ప్రతి ఆడమొహం నాతో చెప్పేది ఒకే మాట, నీరసం. అది రోగం కాదు కాబట్టి దవాఖానకు పోలేరు. పని ఎగ్గొట్టే నాటకం అంటారు కాబట్టి ఇంట్లో చెప్పలేరు. "నడుము లేస్తలేదు" అని నేనంటే ప్రేమ్‌రాజ్, "పొద్దంతా గల్లా మీద కూసోనే ఉంటవ్ కద, లేసే పనేముంది?" అని నవ్వాడు. అదే ప్రేమ్‌రాజ్, ఆ పొడి అమ్మించే అంజన్ అనే పెద్ద ఏజెంట్ పెట్టిన మీటింగుకు పోయొచ్చాక మారిపోయాడు. "మన ఇండ్లల్ల ఆడోళ్ల కష్టం ఎవరికీ కనపడ్తలేదు" అని గ్రూపులో రాశాడు. చదివి నాకు కళ్లనీళ్లు వచ్చాయి. ఆ రాత్రి కూడా తిన్న కంచం అక్కడే వదిలేసి లేచి వెళ్లాడు. నా కష్టానికి ఒక పేరుందని అతను నేర్చుకున్నది దాన్ని తగ్గించడానికి కాదు, అమ్మడానికి. అయినా ఆడవాళ్లు కొన్నారు. ఎందుకు కొనరు? నీకు అలసటగా ఉందా అని వాళ్లను అడిగింది లోకంలో ఆ డబ్బా ఒక్కటే. చిత్రం ఏమిటంటే, తాగినవాళ్లు నిజంగానే తేరుకున్నామన్నారు. పొడిలో ఏదో ఉందనే నేనూ అనుకున్నాను. మా అత్తే ఒకరోజు గల్లా దగ్గర అంది, "డబ్బా కొన్నోళ్లంత పావు లీటరు ఎక్కువ తీస్కపోతున్నరు, మనకు మంచిగైంది" అని. డబ్బా మీద రాసి ఉంటుంది: రెండు చెంచాల పొడి, గ్లాసెడు చిక్కటి పాలలో, ప్రశాంతంగా కూర్చుని తాగాలి. అత్త మాట విన్నాక ఆ రాత నా లోపల ఎక్కడో గుచ్చుకుంది. దాన్ని బయటికి లాగి చూసే తీరిక నాకు దొరకలేదు. దొరకనివ్వలేదేమో కూడా.

షౌకత్ ఖాలా నులక మంచం మీద గోడ వైపు తిరిగి ఉంది. పెదవులు ఎండి తెల్లగా పగిలాయి. నాలుక చూస్తే గరుకు కాగితంలా ఉంది. పిలిస్తే కళ్లు తెరిచింది గాని నన్ను పోల్చుకోలేదు. మంచం పక్కనే ఊదా డబ్బా, అడుగున పొడి అంటిన గ్లాసు.

"మీ ఆయన కమాలుద్దీన్‌కు ఫోన్ చేసినవా?"

"ఎత్తుతలేరక్కా. సైదాబాద్ల పనిల ఉన్నరు." మహీన్ మళ్లీ నంబర్ నొక్కింది. "ఏమైతది అక్కా? ఏం కాదు కద?"

డబ్బా నా భుజానున్న పాల సంచిలో వేసుకున్నాను. ఇద్దరం చెరో చంక పట్టి ఖాలాను గల్లీ మొదటి దాకా నడిపించాం. నడిపించామనడం అబద్ధం, మోశాం. మనుషులతో నిండిన షేర్ ఆటో ఆగింది. లోపలివాళ్లు ఆమె మొహం చూసి మాట్లాడకుండా దిగిపోయారు.

ఆటో కదిలిందో లేదో నా ఫోన్ మోగింది. ప్రేమ్‌రాజ్.

"గల్లా కాడ అమ్మ ఒక్కతే ఉన్నదట. నువ్వెక్కడ సచ్చినవ్?"

చెప్పాను. ఖాలా తల నా భుజం మీద ఊగుతోంది.

"నేనొస్తున్న. నేనొచ్చేదాంక డాక్టర్‌తోని ఏం మాట్లాడకు."

నేనొస్తున్న అన్న మాటకు నా గుండె కొంచెం తేలికపడింది. అలా తేలికపడినందుకు ఆ తర్వాత నామీద నాకే అసహ్యం వేసింది.

సర్కారు దవాఖానలో నర్సు వేలు గుచ్చి రక్తం చుక్క యంత్రం మీద పెట్టింది. అంకె రాలేదు. యంత్రం కొలతకు మించితే చూపే 'హై' అని మాత్రం వచ్చింది. నర్సు పరుగున లోపలికి పోయింది. స్ట్రెచర్ వచ్చింది, సెలైన్ వచ్చింది. కళ్ల కింద నల్లటి చారలున్న లేడీ డాక్టర్ వచ్చింది.

"షుగర్ మాత్రలు ఎప్పుడు మానేసింది? కొత్తగా ఏమన్నా వాడుతోందా? నాటుమందు, పొడులు, ఏదైనా సరే. నాకు ఇప్పుడే తెలియాలి."

మహీన్ నా వైపు చూసింది. నేను నోరు తెరిచేలోపు వెనక నుంచి ప్రేమ్‌రాజ్ గొంతు వినపడింది. "ఏం లేదు మేడం. వయసైంది కద, మందులు మర్చిపోతది." అంటూనే నా మోచెయ్యి పట్టి స్తంభం చాటుకు లాగాడు.

"సంచి ఇయ్యి."

"ఎందుకు?"

"డబ్బా అండ్లనే ఉన్నదని నాకు తెల్వదా? ఇయ్యి. ఆ పిల్ల ఫోన్ల వాయిస్ గూడ డిలీట్ చేపియ్యి, నీ మాట ఇంటది. ఇయాల సాయంత్రం అంజన్ అన్న మీటింగుల నన్ను స్టేజి మీదికి పిలుస్తున్నరు విజ్జీ. మన బతుకు మారుతది. ఇప్పుడే లొల్లి పెట్టకు."

"ఆమె కండ్లు తెరుస్తలేదు."

"గందుకే చెప్తున్న. రేపు ఏమన్న అయితే ఎవరి మీదికొస్తది?" గొంతు ఇంకా తగ్గించాడు. అది కోపంగా లేదు, ప్రేమగా ఉంది. భయం వేసింది అందుకే. "గొంతు ఎవరిది? నంబర్ ఎవరిది? పైన ఫోటో ఎవరిది? నా పేరు యాడన్న ఉన్నదా?"

ఓనర్‌ను చేసిన విజ్జీ. ఇదన్నమాట. అతను నాకు ఇచ్చింది వ్యాపారం కాదు, రేపు ఎవరైనా వేలు చూపిస్తే నిలబడడానికి ఒక చోటు. పోలీసులు వస్తే నేను. షౌకత్ ఖాలా కొడుకు కాలర్ పట్టుకోవడానికి వస్తే, కాలర్ లేని నేను. సంచి ఇచ్చేస్తే చాలు, ఇంటికి పోయి సాయంత్రం పాలు పోసుకోవచ్చు. నా వేళ్లు సంచి మీద నిజంగానే సడలాయి. అతను లాగాడు కూడా.

అప్పుడు స్ట్రెచర్ మీద నుంచి ఖాలా మూలిగింది. "పానీ" అంది.

సంచి లాక్కున్నాను. డాక్టర్ దగ్గరికి పోయి డబ్బా చేతిలో పెట్టాను.

"పోయిన శుక్రవారం సంది గోలీలు బంద్ చేసింది మేడం. ఈ పొడి తాగుతున్నది. గోలీలు బంద్ చేసిన అని చెప్పిన గొంతు నాది. నేను నా చెల్లెకు చెప్పిన ముచ్చట అది. నాకు తెల్వకుంట మా ఆయన అందరికీ పంపిండు. రాసుకోండి."

ఆమె డబ్బా తిప్పి వెనక సన్న అక్షరాలు చదివింది. "మొదట రాసిందే చక్కెర" అని పళ్లు కొరికి, డబ్బా చేతిలోనే పట్టుకుని లోపలికి పరుగెత్తింది.

"సంపినవ్ కదనే" అన్నాడు ప్రేమ్‌రాజ్. ఖాలాను గురించి కాదు, తన సాయంత్రాన్ని తలుచుకుని. అంజన్‌కు ఫోన్ చేసుకుంటూ బయటికి నడిచాడు.

నేను మెట్ల మీద కూర్చున్నాను. ఈ గల్లీల్లో ఇంకెంతమంది ఆ వాయిస్ విన్నారు? బీపీ గోలీలు మానేసినవాళ్లు, థైరాయిడ్ గోలీలు మానేసినవాళ్లు, మొహాలన్నీ కళ్లముందు వరుసగా నిలబడ్డాయి. నంబర్ నాదన్నాడు. నంబర్ నాదైతే గ్రూపూ నాదే. ఫోన్‌లో వాయిస్ బటన్ నొక్కి పట్టుకున్నాను. ఎవరూ రాసివ్వని మాటలు చెప్పడం ఇదే మొదటిసారి.

"నేను శాలిబండ విజయలక్ష్మిని. గోలీలు బంద్ చేసిన అన్న వాయిస్ మీకోసం చెప్పింది కాదు. ఎవరన్న డాక్టర్ ఇచ్చిన గోలీలు ఆపి ఉంటే ఇయాలనే దవాఖానకు పోండి. షౌకత్ ఖాలా సెలైన్ మీదున్నది. ఇంకో మాట. మీకు తాకత్ వచ్చింది పొడితోని కాదక్కా. ఆ పొడి పేరు చెప్పుకొని మీరు గ్లాసెడు పాలు తాగిన్రు. తాగేదాంక కూసున్నరు. అంతకుముందు మీ ఇంట్ల ఎవరన్న మిమ్మల్ని కూసోనిచ్చిన్రా? మందు అంటెనే తాగనిస్తరని మందు కొన్నం మనం."

బటన్ వదిలేశాను. గ్రూపుకు వెళ్లిపోయింది. ప్రేమ్‌రాజ్‌కు తెలిసిన నా ఫోన్ తాళం కూడా మార్చేశాను.

మధ్యాహ్నానికి ఖాలా కళ్లు తెరిచింది. ఈసారి నన్ను పోల్చుకుంది. కమాలుద్దీన్ మంచం పక్కన నిలబడి ఉన్నాడు, నా వైపు చూడడం లేదు. చూడకపోవడం అతని హక్కు.

"బర్రెలు మంచిగున్నయా బేటీ?" ఎండిన గొంతుతో అడిగింది ఖాలా.

"మంచిగున్నయి ఖాలా."

"నువ్వు?"

ఆమె చెయ్యి నా రెండు చేతుల్లోకి తీసుకున్నాను.

ఇల్లు చేరేసరికి సాయంత్రం పాలు వచ్చాయి. లోపలి గదిలో ప్రేమ్‌రాజ్ ఎవరికో ఫోన్‌లో మొత్తుకుంటున్నాడు, "ఆమెకు దిమాక్ ఖరాబైంది అన్నా, నేను సముదాయిస్త" అని. గల్లా మీద మా అత్త ఒక్కతే చెమటతో కొలుస్తోంది. గిరాకీ ఆడవాళ్లు నన్ను చూసి మాటలు ఆపేశారు. ఎవరు తిడతారో, ఎవరు ఉమ్ముతారో తెలియదు. రేపు పోలీసులు రావచ్చు. ఇవాళే ఇంట్లోంచి పొమ్మనవచ్చు.

గూట్లోంచి స్టీలు గ్లాసు తీశాను. క్యానులో ముంచి, అంచు దాకా నింపాను. గల్లా మీద కాదు, అందరికీ కనపడేలా గడప మీద కూర్చున్నాను. మొదటి గుక్క తాగాను.

మా అత్త కొలత గాల్లోనే ఆపేసింది. నా వైపు, గ్లాసు వైపు చూసింది. ఆడవాళ్లందరూ వింటుండగా అడిగింది.

"ఏం మందు కలిపినవ్ పిల్లా అండ్ల?"

"ఏం కలపలే అత్తమ్మా. పాలే."