ఎస్మీ చేతి సోరెల్

నవంబరు చివరికల్లా మా గోడ పొడవునా ఖాళీ సీసాలు చేరతాయి. రమ్ము సీసాలు, సిరప్పు సీసాలు, కడిగీ కడగనట్టున్నవి, మెడకు గుడ్డపీలిక కట్టినవి. ఎవరి పీలిక ఏ రంగో నాకు గుర్తుండాలి. అడిగి పెట్టరు, చెప్పి పెట్టరు. పొద్దున్నే తలుపు తీసేసరికి అక్కడ ఉంటాయి. వాటిని చూడగానే నాకు ఒళ్ళు మండుతుంది. ఊళ్ళో అందరికీ క్రిస్మస్ వస్తుంది, నాకు మాత్రం సోరెల్ వస్తుంది.

మా కొండ మీద ఎర్రగోగు విరగకాస్తుంది. ఆ కాయలు వలిచి, గింజ తీసేసి, ఎర్రటి రేకుల మీద మరిగే నీళ్ళు పోస్తాం. దంచిన అల్లం, పెరటి చెట్టు నుంచి కోసిన, మిరియాల్లాంటి పిమెంటో గింజలు, కాసిని లవంగాలు, నారింజ తొక్క పడేసి మూత పెట్టేస్తే మర్నాటికి సోరెల్ తయారు. వడకట్టి పంచదార, తెల్ల రమ్ము కలపడమే. ఇందులో బ్రహ్మవిద్య ఏమీ లేదు. ఈ కొండ మీద చెయ్యి ఉన్న ప్రతి ఆడదీ చెయ్యగలదు. కానీ ఎస్మీ చేతి సోరెల్ తాగితేనే పండగ అని ఎవరు మొదలుపెట్టారో గాని, అది నా మెడకు చుట్టుకుంది.

పనికి వెనకాడే మనిషిని కాను. నా బాధ వేరు. క్రిస్మస్ ముందురోజు పట్నంలో గ్రాండ్ మార్కెట్ జరుగుతుంది. వీధి నిండా డప్పులు, ఈలలు, కొత్త బట్టలు. మా చెల్లెలు మెర్వా అక్కడ కాగితం టోపీలు అమ్ముతుంది. పెళ్ళికి ముందు మేమిద్దరం చేతులు పట్టుకుని ఆ వీధి ఈ చివర నుంచి ఆ చివరకు కాళ్ళు నొప్పిపుట్టేదాకా తిరిగేవాళ్ళం. పెళ్ళయ్యాక ఒక్కసారి కూడా వెళ్ళలేదు. ఆ రోజున నేను వంటింట్లో గుండిగ ముందు నిలబడి ఉంటాను. కిటికీలోంచి వ్యాన్లు కొండ దిగుతూ కనిపిస్తాయి. లోపల అందరూ పాడుతుంటారు. కొందరు నాకు చెయ్యి కూడా ఊపుతారు. చెయ్యి ఊపేవాళ్ళంటే మరీ కోపం నాకు.

ఈ ఏడు ఎలాగైనా వెళ్ళాలనుకున్నాను. మెర్వాకు మోకాళ్ళు పట్టేశాయి. ఇదే ఆఖరు, వచ్చే ఏడు నుంచి కొట్టు పెట్టనని కబురు పంపింది.

లెబర్ట్‌తో అన్నాను. లెబర్ట్ మా ఆయన. చెడ్డవాడు కాడు, కాకపోతే కుర్చీలో కూర్చున్నాడంటే ఇల్లు తగలబడుతున్నా లేవడు.

"ఈసారి సోరెల్ పెర్లీన్‌ను చెయ్యమందాం" అన్నాను.

"ఎవరూ, ఆ కింద వీధి పెర్లీనా?" అన్నాడు పేపరు దించకుండా. "దాని చేతిది తాగితే డీకన్ హెడ్లీ చర్చి మారిపోతాడు."

"మారితే మారనీ."

"ఊరంతా నీ పేరే చెప్పుకుంటుంటే నీకు చేదా?"

"చేదే."

"పోవే, నీకన్నీ వేళాకోళాలు" అని నవ్వాడు.

నిజం చెబితే నవ్వే మనిషితో ఇంకేం మాట్లాడతాం. అందుకే సోరెల్‌ను పాడుచేద్దామని నిశ్చయించుకున్నాను.

పండగకు ముందు వచ్చే ఆదివారం, ప్రార్థన అయ్యాక అందరూ మా వాకిట్లోకి వచ్చి కొత్త సోరెల్ రుచి చూసి పోవడం మామూలు. తాగి, బాగుందని చెప్పి, తమ సీసాల సంగతి గుర్తుచేసి మరీ పోతారు. ఆ రోజు నోట పెట్టలేనిది పోస్తే సరి. మొహాలు చిట్లిస్తారు, ఎస్మీకి చెయ్యి తప్పిందంటారు, సీసాలు మోసుకుని పెర్లీన్ ఇంటికి పోతారు. అవమానమే, పడతాను. పరువు పోతే పోయింది, మార్కెట్ దక్కుతుంది.

అల్లం వెయ్యలేదు. మా దగ్గర అల్లం లేని సోరెల్ చేసినదాన్ని సొంత చుట్టాలు కూడా పొయ్యి దగ్గరికి రానివ్వరు. రేకులు సరిగా నానకముందే వడకట్టేశాను. పంచదార డబ్బా అందుకుని, మళ్ళీ పక్కన పెట్టి, ఉప్పు గుప్పెడు వేశాను. రుచి చూసి నేనే ఉమ్మేశాను. ఎన్నాళ్ళకో ఆ వంటింట్లో నాకు నవ్వొచ్చింది.

ఆదివారం అందరూ వచ్చారు. బల్ల మీద తెల్లగుడ్డ పరిచి గ్లాసులు పెట్టాను. మొదటి గ్లాసు చర్చిలో పెద్దవాడని డీకన్ హెడ్లీకి ఇచ్చాను. ఒక గుక్క తాగి ఆగాడు. కనుబొమలు కదిలాయి.

"ఊఁ" అన్నాడు. మళ్ళీ తాగాడు. గ్లాసు ఖాళీ చేసి బల్ల మీద పెట్టి, "మిస్ ఎస్మీ, ఇదమ్మా క్రిస్మస్ అంటే" అన్నాడు.

మొహమాటానికి అంటున్నాడేమోనని ఆయన మొహంలోకి పరీక్షగా చూశాను. కాదు, ఆ మనిషి నిజంగానే సంతోషంగా ఉన్నాడు. వెనకున్నవాళ్ళు వరసగా తాగారు. ఈసారి పిమెంటో బాగా పట్టిందన్నారొకరు. అల్లం గొంతుకు హాయిగా తగిలిందంది ఇంకొకావిడ. వెయ్యని అల్లం ఆవిడ గొంతుకు ఎలా తగిలిందో ఆవిడకే తెలియాలి.

పెర్లీన్ కూడా వచ్చింది. నా ఆశంతా దాని మీదే. ఒక గుక్క నోట్లో పోసుకుని నావైపు చూసింది. దానికి తెలిసిపోయింది, అనుమానం లేదు.

"ఎలా ఉంది పెర్లీన్? ఉన్నమాట చెప్పు" అన్నాను.

"నీ చేతికి వంకపెట్టే దమ్ము నాకెక్కడిదమ్మా" అని గ్లాసు దించి మెల్లగా జారుకుంది. తెలివైనది. నోరు విప్పితే సీసాలు తన గోడ దగ్గర తేలతాయని భయపడింది.

ఇక ఆగలేక నేనే అందరి ముందూ అడిగాను. "ఉప్పగా లేదూ?"

అందరూ పడి పడి నవ్వారు.

"మిస్ ఎస్మీకి పండగ పూటా వేళాకోళమే" అన్నాడు డీకన్. "అన్నట్టు, ఈసారి పక్క కొండ చర్చివాళ్ళు కూడా మన దగ్గరికే వస్తున్నారు. ఇంకాస్త ఎక్కువ చెయ్యి తల్లీ."

వాళ్ళు వెళ్ళాక బల్ల దగ్గరే కూలబడ్డాను. ఏడుపొచ్చింది. ఇన్నేళ్ళు నడుం పడిపోయేలా చేసినదాన్ని వీళ్ళలో ఒక్కరూ రుచి చూడనే లేదన్నమాట. బాగా చేసినా ఇంతే, చెడగొట్టినా ఇంతే. తలుపు వేసి ఉంటే బద్దలు కొట్టొచ్చు. ఇక్కడ తలుపే లేదు.

వరండాలో మా అత్తగారు ఇసిల్డా కూర్చుని ఉంది. చూపు పోయి చాలాకాలమైంది. చేతిలో గ్లాసు నిండుగా అలాగే ఉంది. ఆవిడ ఒక్కతే తాగలేదు.

"ఉప్పేశావా?" అంది.

తల తిప్పి ఆవిడ వైపు చూశాను.

"నేనైతే లాంతరు నూనె ఒలకబోశాను. గ్లాసులు నాకి పెట్టారు."

"మరి మీరెలా బయటపడ్డారు అత్తయ్యా?"

"మావాడు నిన్ను చేసుకొచ్చాడుగా."

ఆ మాట అనడానికి ఆవిడకు సిగ్గూ లేదు, తడబాటూ లేదు.

"నీ చెయ్యి గొప్పదని ఊరంతా చాటింది నేనే. ఎంత మురిసిపోయావో గుర్తుందా?"

"నా చేతికి గరిటె ఇచ్చి ఆ ఏడు మీరెక్కడికి వెళ్ళారు?"

"గ్రాండ్ మార్కెట్‌కి. పచ్చ టోపీ పెట్టుకుని వెళ్ళాను. ఐస్‌క్రీం తిన్నాను. ఏం, తినకూడదా?"

కోపం వచ్చింది. ఆవిడ చేతిలో గ్లాసు లాగి పారబోద్దామన్నంత కోపం. దానితోపాటే ఆ టోపీ ఎలా ఉండేదో అడగాలనీ అనిపించింది. రెండూ చెయ్యకుండా లోపలికి పోయి మళ్ళీ అల్లం దంచుకున్నాను.

పండగ ముందురోజు మధ్యాహ్నం కెరీన్ వచ్చింది. మా అబ్బాయి ఓమార్ చేసుకోబోయే పిల్ల, ఈస్టర్‌కు పెళ్ళి. ఆఖరి విడత కాయలు ఇంకా బుట్టలోనే ఉన్నాయి.

"ఒక్కరే చేస్తున్నారట కదా మిస్ ఎస్మీ, నేనూ వలుస్తాను" అంటూ పీట లాక్కుని కూర్చుంది.

కాయ మొదట్లో చిన్న గాటు పెట్టి, వేలితో ఒక్క తోపు తోసింది. రేకు చిరగకుండా గింజ టప్పున ఊడి గిన్నెలో పడింది. ఆ ఒడుపు నాకు రావడానికి చాలాకాలం పట్టింది.

వరండాలోంచి అత్తగారు ఆ చప్పుడు పట్టేసింది. "ఎవరి చెయ్యే అది?"

"నేను కెరీన్‌ని, బామ్మగారూ."

"మంచి చెయ్యి" అంది. "ఎస్మీ, ఇలా రా."

వెళితే నా మణికట్టు పట్టుకుని గొంతు తగ్గించింది. "దొరికింది కదే. ఇంకా ఏం చూస్తున్నావు? గరిటె దాని చేతిలో పెట్టి వ్యానెక్కు. మెర్వా ఎదురుచూస్తుంటుంది."

అంత తేలిక. గదిలోకి వెళ్ళి పసుపు గౌను తొడుక్కున్నాను. అద్దంలో చూసుకుంటే బాగానే ఉన్నాను. వేళ్ళు మాత్రం ఎర్రగా ఉన్నాయి, రుద్దినా పోయే రంగు కాదు. ఉంటే ఉండనీ అనుకున్నాను. కెరీన్‌కు ఏది ఎంత వెయ్యాలో చెప్పి, చీకటి పడకముందే వచ్చేస్తానన్నాను.

"మీరు నిదానంగా రండి, నేనున్నాగా" అంది. మొహం వెలిగిపోతోంది. అత్తారింట్లో పెద్ద పని చేతికొచ్చిందని పిల్లకు గర్వం.

గేటు దాకా వచ్చాను. డీకన్ హెడ్లీ ఎదురొచ్చి, నన్ను దాటుకుని వంటింటి కిటికీ దగ్గరికి పోయి లోపలికి తొంగిచూశాడు.

"ఓహో, కొత్త చెయ్యా? మిస్ ఎస్మీ తర్వాత ఎవరా అని దిగులుపడుతున్నాం. నాది నీలం పీలిక, గుర్తుపెట్టుకో తల్లీ. ఈ ఒక్క ఏడే కాదు సుమా."

"అలాగే డీకన్ గారూ. ప్రతి ఏడూ నేనే చేసిపెడతాను" అంది కెరీన్, నవ్వుతూ.

అదే కిటికీలో నిలబడి నేనూ సరిగ్గా అలాగే నవ్వాను, ఎవరో సీసా చూపించి అలాగే అడిగితే. వ్యాన్ మలుపు తిరిగి గేటు ముందు ఆగింది. లోపల ఒక సీటు ఖాళీగా ఉంది. డ్రైవరు హారన్ కొట్టాడు.

వెనక్కి తిరిగాను. వంటింట్లోకి పోయి కెరీన్ చేతిలోంచి గరిటె లాక్కున్నాను.

"లే అక్కణ్ణుంచి."

"ఏమైంది మిస్ ఎస్మీ?"

"ఏమైందా? రేకులన్నీ నలిపి పెట్టావు. నీ చెయ్యి సోరెల్‌కు పనికిరాదు."

"బామ్మగారు మంచి చెయ్యి అన్నారుగా..."

"ఆవిడకు కనబడదు. నాకు కనబడుతుంది. నువ్వు ముట్టుకున్నది చర్చికి పంపితే నా పరువు పోతుంది. ఇంకెప్పుడూ ఈ పొయ్యి దగ్గరికి రాకు."

డీకన్ నోరు తెరుచుకుని చూస్తున్నాడు. ఆయన వినాలనే గట్టిగా అన్నాను. ఆయన వింటే ఊరంతా విన్నట్టే. కెరీన్ చేతులు గౌనుకు తుడుచుకుని లేచి, విసవిసా గేటు దాకా వెళ్ళి అక్కడ ఆగింది.

"మీ సోరెల్ మీరే చేసుకోండి" అంది. ఏడుస్తూనే, వ్యాన్‌లో వాళ్ళందరికీ వినబడేలా అంది. "చచ్చినా నేను ముట్టను. ఈ జన్మలో ముట్టను."

వ్యానెక్కి ఆ ఖాళీ సీట్లో కూర్చుంది. వ్యాన్ కొండ దిగింది.

"పిచ్చిదానా" అంది అత్తగారు వరండాలోంచి. అంతకుమించి ఏమీ అనలేదు.

ఓమార్ నాతో ఇప్పటికీ సరిగ్గా మాట్లాడడు. కోడలికి కూడా గుట్టు చెప్పని పిసినారి అని ఊళ్ళో అనుకుంటున్నారు. అనుకోనీ. ఆ పిల్లకు సీసా చూపించే ధైర్యం మాత్రం ఎవరికీ లేదు.

ఆ సాయంత్రం పసుపు గౌనుతోనే నిలబడి రేకుల మీద నీళ్ళు పోశాను. ఆ పిల్ల గేటు దగ్గర అన్న మాటే చెవుల్లో తిరుగుతోంది. ఆ వయసులో, ఆ గేటు దగ్గరే, నేను అనాల్సిన మాట అది. నాకు అంత కోపం తెప్పించినవాళ్ళు అప్పట్లో ఒక్కరూ లేకపోయారు. అందరూ నన్ను మెచ్చుకున్నారు.